పై ఫ్లాట్ పాలడబ్బా

మా పాపకి నాలుగో నెల నడుస్తుండగా నేను దాని పాలు పలచన చేశాను. ఆరు ఔన్సుల నీళ్ళకి ఆరు స్కూపుల పొడి వెయ్యాలని డబ్బా మీద రాసి ఉంటే, అయిదే వేసేదాన్ని. మూడో వారానికి అది నాలుగైంది. ఈ సంగతి మా అమ్మకి ఇప్పటికీ తెలియదు.

అప్పుడు మేం కోవెంట్రీలో ఉండేవాళ్ళం. ఒక పాత ఇంటిని కిందొకటి, పైనొకటి రెండు ఫ్లాట్లు చేసి అద్దెకిచ్చారు. కింద మేము, పైన ఒక ఇంగ్లీషు అమ్మాయి. మా ఆయన ఒంగోలు నుంచి ఒక కన్సల్టెన్సీ ఇప్పించిన వీసా మీద వచ్చారు. మొదటి ఏడాది జీతం సక్రమంగానే వచ్చింది. పాప పుట్టిన నెలలో ప్రాజెక్టు అయిపోయింది. ఇంకోటి దొరికేదాకా బెంచి మీద, అంటే పనేమీ లేకుండా, ఉండమన్నారు. ఒక నెల సగం జీతం ఇచ్చారు, ఆ తర్వాత అదీ లేదు. గట్టిగా అడిగితే వీసా రద్దు చేయిస్తారేమోనని భయం. పోనీ డెలివరీ పనైనా చేద్దామంటే ఆ వీసా మీద చెయ్యకూడదు. పొద్దున్నే స్నానం చేసి, ఇస్త్రీ చొక్కా వేసుకుని, లాప్‌టాప్ ముందు కూర్చుని, ఎవరూ పిలవని ఫోన్ కోసం చూస్తూ ఉండేవారు.

అదే సమయంలో నాకు రొమ్ములో గడ్డ లేచింది. జ్వరంతో పది రోజులు మంచం మీద ఉన్నాను. ఆసుపత్రిలో కోసి చీము తీశారు. ఆ తర్వాత పాలు ఇంకిపోయాయి. పాప నోట్లో పెట్టుకుని, లాగి, వదిలేసి, నా ముఖంలోకి చూసేది.

అలా మా ఇంట్లోకి డబ్బా పాలు వచ్చాయి. ఈ దేశంలో అన్నిటి మీదా ఏదో ఒక ఆఫరుంటుంది. బిస్కట్ల మీద, బీరు మీద, కుక్కల తిండి మీద కూడా. పుట్టిన పిల్లల పాలపొడి మీద మాత్రం తగ్గింపు ఇవ్వకూడదని రూలు. ఇస్తే తల్లులు చనుపాలు మానేస్తారట. మా దగ్గర పోగైన స్టోర్ పాయింట్లు కూడా దానికి చెల్లవని కౌంటర్లో చెప్పారు. విస్కీ సీసాలకి తగిలించినట్టు ఆ డబ్బాలకి కూడా దొంగతనం జరక్కుండా అలారం బిళ్ళలు తగిలించారు. ఆ షెల్ఫు ముందు నిలబడ్డప్పుడల్లా, నేనింకా ఏమీ తియ్యకముందే నన్నెవరో చూస్తున్నట్టుండేది.

పెద్దవాళ్ళకి ఎక్కడో ఒకచోట తిండి దొరుకుతుంది. శనివారాలు గుడిలో ప్రసాదం పెట్టేవారు, ఇద్దరం కడుపునిండా తినొచ్చేవాళ్ళం. ఒకరోజు సిగ్గు విడిచి, లేనివాళ్ళకి ఊరికే సరుకులిచ్చే ఫుడ్ బ్యాంకుకి కూడా వెళ్ళాను. అక్కడి పెద్దావిడ బియ్యం, టమాటా డబ్బాలు, పాస్తా సంచి నింపి ఇచ్చింది. పాలపొడి అడిగితే ఆవిడ ముఖం వాడిపోయింది. "అది మేం ఇవ్వకూడదమ్మా, మీ హెల్త్ విజిటర్ని అడుగు" అంది. హెల్త్ విజిటరంటే చంటిపిల్లల బాగోగులు చూసే సర్కారు నర్సు. నాలుగు నెలల పిల్లకి ఉన్నది ఒక్కటే తిండి. ఆ ఒక్కటీ ఆ హాలులో లేదు.

ఊళ్ళో మనవాళ్ళు లేరని కాదు. డాక్టర్లున్నారు, సొంతిళ్ళున్న ఇంజనీర్లున్నారు. పాప బారసాలకి వచ్చి వెండి గిన్నె పెట్టిన ఆంటీ ఉంది. ఒక్క మాట చెబితే డబ్బాలు తెచ్చి గుమ్మంలో పెట్టేవాళ్ళే. ఆ ఒక్క మాట నా నోటికి రాలేదు. వెండి గిన్నె పెట్టినావిడని పాలపొడి ఎలా అడగను అనుకున్నాను. ఆ పరువే పాప స్కూపుల్లోంచి ఒక్కోటీ తగ్గించింది.

మొదట్లో పాప బాగా ఏడ్చింది. తర్వాత తగ్గించింది. ఆ తర్వాత ఎక్కువసేపు పడుకునేది. వీడియోకాల్లో మా అత్తయ్య మురిసిపోయేది. "ఎంత బుద్ధిమంతురాలే ఇది! మీ ఆయన ఈ వయసులో ఇల్లు పీకి పందిరేసేవాడు. ఇది చూడు, కిక్కురుమనదు" అనేది. నేను నవ్వేదాన్ని. ఫోన్ పెట్టేశాక పాప ముక్కు దగ్గర వేలు పెట్టి చూసేదాన్ని. ఆ ఊపిరి చల్లగా ఉందో, నా వేలు చల్లగా ఉందో తెలిసేది కాదు.

పిల్లల్ని తూచడానికి మా వీధి చివర చిల్డ్రన్స్ సెంటర్‌కి తీసుకెళ్ళాలి. అక్కడ ప్రతి బిడ్డకీ ఎర్ర అట్ట పుస్తకం ఒకటి ఉంటుంది. అందులో వంపు తిరిగిన గీతల మీద హెల్త్ విజిటర్ బరువుకి చుక్క పెడుతుంది. ఆ రోజు మా పాప చుక్క ముందటి నెల గీతకన్నా రెండు గీతలు కిందకి పడింది. ఆవిడ పెన్ను ఆపి అడిగింది.

"పాలెలా కలుపుతున్నారు?"

"డబ్బా మీద ఎలా ఉంటే అలాగే."

"స్కూపు నిండుగా, సమంగా తీసుకుంటున్నారా?"

"అవును. కత్తితో సమం చేసి మరీ వేస్తాను."

అందులో సగం నిజం. ప్రతి స్కూపునీ కత్తితోనే సమం చేసేదాన్ని, ఒక్క రేణువు ఎక్కువ పడకుండా. రెండు వారాల్లో మళ్ళీ తీసుకురమ్మంది ఆవిడ. నేను వెనక్కి తిరిగితే పై ఫ్లాట్ అమ్మాయి తన పిల్లాణ్ణి చంకనేసుకుని వరసలో నిలబడి ఉంది. అంతా విన్నది.

అప్పటిదాకా మా ఇద్దరికీ మెట్ల దగ్గర హలో అంటే హలో అనేంత పరిచయమే. ఇరవై రెండు, ఇరవై మూడేళ్ళుంటాయి. మనిషి సన్నం. పిల్లాడు మా పాపకన్నా మూడు వారాలు పెద్ద. వాడి తండ్రి ఎవరో, ఎక్కడున్నాడో నేనెప్పుడూ అడగలేదు. ఆ రోజు మధ్యాహ్నం తలుపు తట్టింది. చేతిలో మూత తియ్యని పాలడబ్బా. ఆమె ఇంగ్లీషులో అన్న మాటలు నాకు మాత్రం తెలుగులోనే గుర్తుండిపోయాయి.

"ఇది ఉంచుకో. నిన్న నా కార్డులో డబ్బు పడింది."

"వద్దు, మాకుంది" అన్నాను.

"లేదు. పోయిన నెల నేను కూడా ఆవిడకి అదే చెప్పాను, డబ్బా మీద ఎలా ఉంటే అలాగే అని" అంది. నవ్వలేదు. డబ్బా గుమ్మంలో పెట్టి పైకి వెళ్ళిపోయింది.

ఆ కార్డు సంగతి తర్వాత ఆమే చెప్పింది. ఆదాయం తక్కువున్న తల్లులకి ప్రభుత్వం ఇస్తుంది. నాలుగు వారాలకోసారి అందులో డబ్బు వేస్తుంది. పాలు, పండ్లు, కూరలు, పిల్లల పాలపొడి కొనుక్కోవచ్చు. వాళ్ళక్క పిల్లలప్పుడు ఆ సాయంతో డబ్బా కొంటే ఇంకా మిగిలేదట. ఇప్పుడు డబ్బా ధర పెరుగుతూ పోయింది, కార్డులో వేసేది మాత్రం ఉన్నచోటే ఉంది. అన్నిటికన్నా చవక డబ్బా కొన్నా, వారానికొకటి చొప్పున ఆ డబ్బు చాలదు. ఆ చవకది దొరికే దుకాణానికి రెండు బస్సులు మారాలి. "అన్ని డబ్బాల్లోనూ ఉండేది ఒకటే, మీద బొమ్మకే ఆ డబ్బంతా" అని నాకు నేర్పింది ఆమే. అదివరకు నేను ఆసుపత్రిలో చూసిన డబ్బానే కొనేదాన్ని, మారిస్తే పాపకి పడదేమోనని.

మా వీసాల మీద ప్రభుత్వ సొమ్ము తీసుకోకూడదని రాసి ఉంటుంది. కాబట్టి ఆ కార్డు నాకు రాదు. ఆమె కార్డుతో కొన్నది మా పాప తాగడం కూడా తప్పేనేమో అని మా ఆయన్ని అడిగాను. ఆయన డబ్బా మూత తీసి నా ముందు పెట్టారు.

"ఇవాళ్టికి కలుపు" అన్నారు.

కలిపాను. ఆరు ఔన్సులకి ఆరు స్కూపులు. పాప సీసా వదల్లేదు. తాగుతూ తాగుతూ చెమట పట్టింది దానికి. రెండు రోజులకి మళ్ళీ ఏడుపు మొదలైంది. గొంతు పగిలేలా ఏడ్చింది. ఆ ఏడుపు వింటూ నేను వంటింట్లో కింద కూర్చుండిపోయాను.

అలా ఆరేడు వారాలు గడిచాయి. కార్డు నిండిన రోజున ఆ అమ్మాయి ఒక డబ్బా తెచ్చేది. మధ్యలో మాకు నిండుకుంటే ప్లాస్టిక్ కవర్లో పొడి కట్టి తెచ్చేది. బదులుగా నేను పప్పూ అన్నం, గుడి ప్రసాదం పైకి పంపేదాన్ని. పులిహోర ఇష్టంగా తినేది. నిలబడే తినేది, గబగబా. మీ వాడికి సరిపోతోందా అని ఒకసారి అడిగాను. "వాడికేం, దున్నపోతులా ఉన్నాడు" అన్న అర్థం వచ్చేలా ఏదో అంది. నేనింకోసారి అడగలేదు. వాడి బుగ్గలు నేను చూస్తూనే ఉన్నాను. పైనుంచి ఏడుపు వినపడడం తగ్గిన సంగతీ నాకు తెలుసు. కిక్కురుమనని పిల్లాడంటే ఏమిటో ఆ వీధి మొత్తం మీద నాకు తెలిసినంతగా ఇంకెవరికీ తెలియదు.

ఒక రోజు పొద్దున ఎనిమిదవుతోంది. పాపని ఒళ్ళో పెట్టుకుని సీసా పడుతున్నాను. మెట్ల మీద పరుగు, తలుపు మీద దబదబా బాదడం. తీస్తే ఆ అమ్మాయి, చేతుల్లో పిల్లాడు. వాడి కళ్ళు పైకి తిరిగిపోయాయి. పెదాలు నేరేడు రంగు. కాళ్ళూ చేతులూ కొట్టుకుంటున్నాయి.

"ఫోన్ చెయ్, ఫోన్ చెయ్" అని అరుస్తోంది.

మా ఆయన అంబులెన్సుకి ఫోన్ చేశారు. అవతలివాళ్ళు చెప్పినట్టు పిల్లాణ్ణి పక్కకి తిప్పి మా కార్పెట్ మీద పడుకోబెట్టాం. నేను వాడి తల కింద చెయ్యి పెట్టాను. ఫిట్స్ ఆగాక వాడు మెత్తగా, తడిబట్టలా అయిపోయాడు. అంబులెన్సు వచ్చింది. వచ్చినతను వాణ్ణి చూస్తూనే అడిగాడు. "నిన్నట్నుంచి ఏం తాగాడు?"

"పాలు" అంది ఆమె. తర్వాత చాలా చిన్నగా, "నీళ్ళు కూడా. మధ్యమధ్యలో నీళ్ళు పట్టాను, ఆకలికి ఆగుతాడని."

అతను తలెత్తి మా వంటింటి గట్టు వైపు చూశాడు. ఊరికే చూశాడో, ఏమో. గట్టు మీద ఆమె తెచ్చిన డబ్బా మూత తీసి ఉంది. మా పాప ఉయ్యాలకుర్చీలో కూర్చుని, సగం మిగిలిన సీసా కోసం చేతులు చాపి ఏడుస్తోంది. ఆమె ఒక్కసారి మా పాప వైపు, ఒక్కసారి నా వైపు చూసింది. వాళ్ళ వెంట వెళ్ళిపోయింది. ఆమె కాళ్ళకి చెప్పులు లేవు.

రెండు రోజుల తర్వాత కౌన్సిల్ నుంచి, అంటే అక్కడి మునిసిపాలిటీ నుంచి, పిల్లల క్షేమం చూసే ఒక సోషల్ వర్కర్ వచ్చింది. మర్యాదగా మాట్లాడింది. టీ వద్దంది. మా ఆయన నా పక్కనే కూర్చున్నారు.

"పైన ఉండే తల్లీ బిడ్డల విషయంలో మీకేమైనా తేడాగా అనిపించిందా?"

"లేదండీ."

"ఆ ఇంటికి ఎవరైనా వచ్చిపోతుంటారా? పాలు, తిండి ఇబ్బందని మీతో ఎప్పుడైనా అందా?"

"మాకంత పరిచయం లేదు" అన్నాను.

ఆమె రాసుకుని, థాంక్స్ చెప్పి వెళ్ళింది. డబ్బా అప్పటికే అలమారాలో ఉంది, మా ఆయన పెట్టారో నేను పెట్టానో గుర్తులేదు. తలుపు వేశాక మా ఆయన్ని అడిగాను.

"చెప్పాల్సిందేమోనండీ?"

"ఏమని చెప్తావు? ఆ కార్డు వేరేవాళ్ళకి వాడకూడదు. చెబితే ఆ పిల్లకే ఇబ్బంది. మన వీసా సంగతి సరేసరి" అన్నారు. అలమారా తలుపు గట్టిగా మూస్తూ, "నాకు మాత్రం బాగుందనుకుంటున్నావా?" అన్నారు. ఆయన చెప్పినదాంట్లో తప్పులేదు. తప్పులేని మాట వెనక దాక్కోవడం ఎంత తేలికో ఆ రోజు తెలిసింది.

ఆమె మళ్ళీ పై ఫ్లాట్‌కి రాలేదు. మూడో వారంలో వాళ్ళమ్మ ఒక వ్యాను మాట్లాడుకుని సామాన్లు తీసుకెళ్ళడానికి వచ్చింది. మొరటు చేతులు, అలసిపోయిన ముఖం. పిల్లాడి సంగతి అడిగాను. నీళ్ళు ఎక్కువై ఒంట్లో ఉప్పు బాగా తగ్గిపోయి ఫిట్స్ వచ్చాయట, ఇప్పుడు లేవట. తల్లీ బిడ్డా కొన్నాళ్ళు తన దగ్గరే ఉండాలని కౌన్సిల్ వాళ్ళు షరతు పెట్టారట. చివర్లో ఆవిడ ఒక సంచి పట్టుకుని మా గుమ్మం దగ్గరికి వచ్చింది.

"ఇది పైన కబోర్డులో ఉంది. వాడికిప్పుడు ఆసుపత్రి వాళ్ళు వేరే రాసిచ్చారు. మూత తీసింది కాదా, పాడైపోతుంది. నీకు చంటిపిల్ల ఉందిగా, వాడుకో."

సంచిలో ముప్పాతిక డబ్బా పాలపొడి, కార్డు మళ్ళీ నిండేదాకా రావాలని దాచుకున్నది కాబోలు. వద్దనాలి. నోరు తెరిస్తే ఏమొస్తుందో అని భయమేసి చేతులు చాపాను. తీసుకున్నాను. ఆ వారమంతా అదే కలిపాను, స్కూపులు తగ్గించకుండా. పాప బరువు పెరిగింది. ఎర్ర పుస్తకంలో చుక్క పైగీతకి ఎక్కిందని హెల్త్ విజిటర్ నన్ను మెచ్చుకుంది.

రెండు నెలల తర్వాత మా ఆయనకి మిల్టన్ కీన్స్‌లో ఉద్యోగం దొరికింది. కొత్త కంపెనీ, కొత్త వీసా, నెలనెలా జీతం. ఇప్పుడు మేముండే ఇంట్లో మా పైన ఎవరూ లేరు. అయినా కొన్ని పొద్దుల్లో నేను వంటింట్లో ఉండగా పైన ఎవరో పిల్లాణ్ణి ఎత్తుకుని తిరుగుతున్నట్టు అడుగులు వినిపిస్తాయి. కిటికీ నుంచి మంచం దాకా, మంచం నుంచి కిటికీ దాకా. మా ఆయన వచ్చి నిలబడి విని, పైపుల చప్పుడు అంటారు. పైపులే కావచ్చు.

పోయిన ఏడాది ఒక గృహప్రవేశానికి కోవెంట్రీ వెళ్ళాం. పాపని వాళ్ళ నాన్న దగ్గర వదిలి, పూలు కొనడానికి టౌన్‌లోకి వెళ్ళాను. బస్టాపులో ఆమె కనిపించింది. కాస్త ఒళ్ళు చేసింది. పక్కన నాలుగేళ్ళ పిల్లాడు, ఎర్ర బూట్లు. నేను దాటిపోదామనే అనుకున్నాను. ఆమే పిలిచింది.

"నీ పాప బాగుందా?" అదే మొదటి మాట.

"బాగుంది. మీవాడు?"

"బాగానే ఉన్నాడు. మాటలు కాస్త ఆలస్యం. దానివల్లో కాదో చెప్పలేమన్నారు డాక్టర్లు."

పిల్లాడు నన్ను చూసి వాళ్ళమ్మ కోటు వెనక్కి వెళ్ళాడు. నేను ఏళ్ళుగా లోపల చెప్పుకుంటున్న వాక్యాలన్నీ ఎటో పోయాయి.

"ఆ రోజు కౌన్సిల్ వాళ్ళు వచ్చి అడిగితే నేనేమీ చెప్పలేదు" అన్నాను.

"తెలుసు."

"చెబితే నీ కార్డుకి ఇబ్బంది అనుకున్నాం."

ఆమె బస్సు వచ్చే వైపు చూస్తూ చెప్పింది. "నేను పాలు సరిపడానే కొన్నానని రసీదులన్నీ చూపించాను. దాంతో ఇంకా పెద్ద గొడవైంది. ఇన్ని డబ్బాలు కొన్నావు, పిల్లాడి కడుపులోకి పోలేదు, మరి ఏమైపోయాయి అన్నారు. అమ్ముకున్నానని అనుకున్నారు. మా అమ్మ కూడా అలాగే అనుకుంది. చాలా నెలలు నన్ను వాడితో ఒంటరిగా ఒక గంట కూడా వదల్లేదు."

"మరి నా పేరెందుకు చెప్పలేదు?"

"నువ్వు వీసా మీద ఉన్నావుగా. పంపించేస్తారని నువ్వే ఒకసారి చెప్పావు."

నేనెప్పుడు చెప్పానో నాకు గుర్తులేదు. పులిహోర ఇచ్చేటప్పుడు ఏదో మాటల్లో అని ఉంటాను. ఆమె గుర్తుపెట్టుకుంది. నేను క్షమించమని అడిగాను. ఆమె ఒప్పుకోలేదు, కాదనలేదు. నంబరు అడిగితే ఇచ్చింది. బస్సొస్తే పిల్లాడి చెయ్యి పట్టుకుని ఎక్కేసింది.

గృహప్రవేశానికి పూలు తీసుకెళ్ళలేదు. కారులో మా ఆయనకి అంతా చెప్పాను. ఇంటికి వచ్చాక, "జరిగిందంతా కౌన్సిల్‌కి రాయి. నేనూ సంతకం పెడతాను" అన్నారు.

ఆ వారమే కౌన్సిల్‌కి ఉత్తరం రాశాను. ఎన్ని డబ్బాలు తీసుకున్నానో, ఎన్ని కవర్ల పొడి తీసుకున్నానో గుర్తున్నంతవరకూ రాశాను. ఆ అమ్మాయి ఏదీ అమ్ముకోలేదని, ఆ పాలు మా పాప తాగిందని, అడిగినప్పుడు నేను అబద్ధం చెప్పానని రాశాను. అప్పటికి మాకు ఇక్కడే ఉండిపోవడానికి పర్మినెంట్ అనుమతి వచ్చేసింది. నాకా ధైర్యం ఎప్పుడొచ్చిందో దాచుకోను.

నెల తర్వాత జవాబొచ్చింది. మీ ఉత్తరం అందింది, సంబంధిత ఫైలులో చేర్చాం, అని. ఆ కాగితం ఫోటో తీసి ఆమెకి పంపాను. వాళ్ళమ్మకి చూపించమని కూడా రాశాను. రెండు రోజులకి "ఓకే" అని ఒక్క మాట వచ్చింది. ఆ తర్వాత నేను పెట్టిన మెసేజీలు వేటికీ జవాబు లేదు. చూపించిందో లేదో నాకు తెలియదు.